తిరుపతి వేడిలో ఐరిష్ స్కోన్లు: మైదా, మజ్జిగ, వెన్న విషయంలో సలహా కావాలి

ప్రశ్న: భవానీనగర్ గృహిణి, తిరుపతి

అందరికీ నమస్కారం. మా చెల్లెలి కుమార్తె ఐర్లండ్‌లో చదువు ముగించుకొని వచ్చే నెలలో తిరుపతికి వస్తోంది. అక్కడ టీతో పాటు తినే, గుల్లగా పొంగే చిన్న రొట్టెలైన స్కోన్లంటే ఆ అమ్మాయికి చాలా ఇష్టం. కిందటిసారి సెలవులకు వచ్చినప్పుడు ఇక్కడి బేకరీలలో అడిగితే తీపి బన్ను చూపించారట. అందుకని ఈసారి ఇంట్లోనే చేసిపెట్టాలని అనుకుంటున్నాను. ఇందుకోసం చాలా తయారీ విధానాలు చదివాను కానీ, అవన్నీ ఆ దేశపు చలికీ, అక్కడ దొరికే సరుకులకూ తగినట్లు రాసినవి కావడం వల్ల, మన వంటింటికి వాటిని ఎలా అన్వయించుకోవాలో తెలియడం లేదు.

మొదటి సందేహం పిండి గురించి. కొందరు సెల్ఫ్ రైజింగ్ పిండి వాడమంటారు, కొందరు మెత్తని గోధుమల పిండి అంటారు. నా దగ్గర ఉన్నవి మైదా, మరలో ఆడించిన గోధుమపిండి మాత్రమే. రెండవది మజ్జిగ. మా ఇంట్లో మజ్జిగ అంటే ఒక గరిటె పెరుగులో చెంబెడు నీళ్లు పోసి, ఉప్పు వేసి, కరివేపాకు నలిపి తాగేది. ఐర్లండ్ వారు చెప్పే మజ్జిగ అదేనా? మూడవది, వెన్న రాయిలా గట్టిగా ఉండాలని అందరూ రాస్తున్నారు. మా వంటింట్లో ఫ్రిజ్‌లోంచి తీసిన వెన్న, కత్తి తెచ్చేలోపే మెత్తబడిపోతుంది. నాలుగవది, మా అత్తగారు గుడ్డు ముట్టరు కాబట్టి, రుచి పెద్దగా తగ్గకుండా గుడ్డు లేకుండా చేయవచ్చా అన్నది. నా దగ్గర చిన్న ఓటీజీ (కరెంటు ఓవెన్) ఉంది. పక్కింటి పెద్దావిడకు ఏ ఓవెనూ లేదు, ఆమె కూడా నేర్చుకుంటానంటున్నారు.

కొలతలతో పాటు ఏది ఎందుకు వేస్తామో కూడా చెబితే, సరుకు మారినప్పుడు నేనే సర్దుకోగలను. దయచేసి తెలిసినవారు వివరించగలరు.

జవాబు 1: బేకరీ పెద్దాయన, చిత్తూరు

అమ్మా, నమస్కారం. చిత్తూరులో చాలాకాలం బేకరీ నడిపినవాడిని కనుక పిండి, వెన్న, ఓవెన్ సంగతులు నేను చెబుతాను. మజ్జిగ, సోడాల లెక్క ఇక్కడి రసాయనశాస్త్రం మాస్టారు గారు నాకంటే బాగా చెప్పగలరు.

పిసికే కొద్దీ చెడిపోయే వంటకం ఇది. గోధుమలోని మాంసకృత్తులు నీటితో కలిసి, చేతి ఒత్తిడికి సాగే జిగురుగా మారతాయి. పరోటాకు ఆ జిగురు కావాలి, స్కోనుకు అదే శత్రువు. ఐర్లండ్ చల్లని, తేమగల వాతావరణంలో సంప్రదాయంగా పండే గోధుమ మెత్తని రకం. దానిలో ఆ జిగురు తక్కువ కాబట్టి ఈస్టుతో పొంగే రొట్టెకు అది అంతగా పనికిరాదు కానీ, సోడాతో పొంగే రొట్టెలకూ స్కోన్లకూ చక్కగా సరిపోతుంది. మన మైదా పరోటాకు తట్టుకునేంత బలమైనది కాబట్టి దానిని కొంచెం బలహీనపరచాలి. 250 గ్రాముల పిండి కావలసినచోట 220 గ్రాముల మైదా, 30 గ్రాముల కార్న్‌ఫ్లోర్ తీసుకొని రెండుసార్లు జల్లించండి. సెల్ఫ్ రైజింగ్ పిండి అంటే బేకింగ్ పౌడర్ ముందే కలిపి అమ్మే మైదా మాత్రమే. దానికోసం వెతకనవసరం లేదు. గోధుమపిండి విషయానికి వస్తే, మరలో రాళ్ల మధ్య నలిగిన పిండి నీళ్లు ఎక్కువ తాగుతుంది, అందులోని తవుడు స్కోనును బరువెక్కిస్తుంది. అక్కడ కూడా ముడి గోధుమపిండితో గోధుమరంగు స్కోన్లు చేస్తారు కనుక తప్పేమీ లేదు. అయితే మొదటిసారి చేసేవారు మొత్తం పిండిలో నాలుగో వంతుకు మించి కలపకపోవడం మంచిది.

ఇక వెన్న. బజారులో దొరికే పసుపు దిమ్మలలో ఉప్పు ఉంటుంది, కాబట్టి అది వాడితే వేరే ఉప్పు వేయకండి. ఇంట్లో చిలికిన వెన్న వాడదలిస్తే, చల్లటి నీళ్లలో రెండు మూడుసార్లు కడిగి, గుడ్డలో వేసి గట్టిగా పిండి, ఆ తరువాత ఫ్రిజ్‌లో గట్టిపరచండి. చిలికిన వెన్నలో ఎంత నీరు మిగిలిందో చెప్పలేము, ఆ నీరే పిండిని ముందుగా తడిపి పని చెడగొడుతుంది. గేదెపాల వెన్న ఆవుపాల వెన్న కంటే కొంచెం ఎక్కువ వేడికి కరుగుతుంది; ఎండాకాలంలో నేనైతే దానినే ఎంచుకుంటాను. నెయ్యి మాత్రం వద్దు. వెన్నలో ఉండే కాస్త నీరు ఓవెన్‌లో ఆవిరై పొరలను పైకి లేపుతుంది, నెయ్యిలో ఆ నీరు లేదు. నెయ్యితో చేస్తే నానఖటాయికి దగ్గరగా వస్తుంది, స్కోను రాదు. బేకరీలలో వాడే మార్జరిన్ వేడికి తట్టుకుంటుందన్న మాట నిజమే, అయినా అంగిలికి అంటుకునే ఆ జిడ్డును ఇంట్లో పిల్లలకు పెట్టడం నాకు ఇష్టం ఉండదు.

వెన్న 32 నుంచి 35 డిగ్రీల మధ్య పూర్తిగా కరుగుతుంది. మే నెలలో మన ఊళ్లలో ఎండ 40 దాటుతుంది, మన చేతి వేడి కూడా వెన్నను కరిగించడానికి సరిపోతుంది. కాబట్టి వెన్నను మాత్రమే చల్లబరిస్తే చాలదు. జల్లించిన పిండి, కలిపే గిన్నె, పాలు, అన్నీ ఒక అరగంట ఫ్రీజర్‌లోనో, ఫ్రిజ్‌లోనో ఉండాలి. వెన్నను గట్టిగా ఉన్నప్పుడే కొబ్బరి తురిమినట్లు తురుముపీట మీద పిండిలోకి తురిమితే చేతితో రుద్దే పని సగం తగ్గుతుంది. వంటగట్టు గ్రానైటుదైతే ఐసు ముక్కల పళ్లెం పది నిమిషాలు దాని మీద ఉంచి, తరువాత పొడిగుడ్డతో తుడిచి అక్కడ పని చేయండి. తెల్లవారుజామున, స్టవ్వు వెలిగించక ముందు చేసుకుంటే ఇంకా సులువు.

కొలత చెబుతున్నాను. పైన చెప్పిన 250 గ్రాముల పిండికి 60 గ్రాముల వెన్న, 30 గ్రాముల చక్కెర పొడి, 50 గ్రాముల కిస్‌మిస్, మట్టంగా రెండున్నర చిన్న చెంచాల బేకింగ్ పౌడర్, ఒక గుడ్డు, 90 నుంచి 100 మిల్లీలీటర్ల చల్లని పాలు. మజ్జిగ వాడేటట్లయితే బేకింగ్ పౌడర్ కొలత మారుతుంది, అది మాస్టారు గారికి వదిలేస్తున్నాను. వెన్నను పిండిలో వేళ్ల కొసలతో రుద్దాలి, అరచేయి తగలకూడదు. మురుకుల పిండిలో వెన్న కలిపేటప్పుడు పిడికిట పట్టి చూస్తే ముద్ద నిలవాలని మన ఇళ్లలో చూస్తారు కదా, ఇక్కడ అంతదాకా పోకుండా ముందే ఆగాలి. రవ్వలా పొడిపొడిగా ఉండి, మధ్య మధ్య కందిగింజంత వెన్న పలుకులు కనిపిస్తూ ఉండాలి. ఆ పలుకులు కరిగినచోటే పొరలు విడతాయి. తరువాత చక్కెర, కిస్‌మిస్ కలిపి, మధ్యలో గుంట చేసి, తడి సరుకులన్నీ ఒకేసారి పోసి, చేతితో కాకుండా కత్తితోనో, ఫోర్కుతోనో కలపండి. పొడిపిండి కనిపించడం మానగానే ఆపేయాలి. ముద్ద నునుపుగా రాలేదని బాధపడవద్దు, గరుకుగానే ఉండాలి.

దానిని గట్టు మీద రెండు మడతలు వేసి, అరచేత్తో మెల్లగా తట్టి 2.5 సెంటీమీటర్ల మందం చేయండి. అప్పడాల కర్రతో పలచగా ఒత్తితే పొంగినా బిస్కెట్టులాగే ఉంటుంది. అంచు పలుచగా ఉన్న స్టీలు గ్లాసును పిండిలో ముంచి నిట్టనిలువుగా నొక్కి తీయాలి, తిప్పకూడదు. తిప్పితే అంచులు అతుక్కుపోయి ఒకవైపుకు వాలి పొంగుతాయి. మిగిలిన ముక్కలను పోగుచేసి మళ్లీ కోస్తే అవి గట్టిగానే వస్తాయి, అందుకని నన్నడిగితే గుండ్రం మీద పట్టుదల మానేసి కత్తితో చదరాలుగా కోసుకోవడమే మేలు. ఈ కొలతకు ఏడెనిమిది వస్తాయి.

ఓటీజీని 220 డిగ్రీల వద్ద, పై కడ్డీ, కింది కడ్డీ రెండూ వెలిగించి కనీసం పావుగంట వేడెక్కనివ్వండి. స్కోన్లను ట్రేలో దగ్గరదగ్గరగా, దాదాపు తగిలేటట్లు పెడితే పక్కలకు పరుచుకోకుండా పైకి లేస్తాయి. పైన రాసే పాలు గానీ, గుడ్డు సొన గానీ పక్కలకు కారనివ్వవద్దు, కారితే ఆ పక్క అతుక్కొని పొంగదు. 12 నుంచి 15 నిమిషాలు చాలు. చిన్న ఓటీజీలలో పై కడ్డీ దగ్గరగా ఉంటుంది కాబట్టి ట్రేను మధ్య అరకు కాక ఒక మెట్టు కిందకు పెట్టుకోవలసి రావచ్చు.

జవాబు 2: విశ్రాంత రసాయనశాస్త్ర అధ్యాపకుడు, తిరుపతి

బేకరీ పెద్దాయన గారు నా పేరు ప్రస్తావించకుండానే పని అప్పగించారు, సంతోషం. అమ్మా, మీ రెండవ ప్రశ్నకు సమాధానం: ఐర్లండ్ పల్లెల్లో వాడిన మజ్జిగ, మీగడను చిలికి వెన్న తీయగా మిగిలినదే. మన ఇళ్లలో కవ్వంతో చిలికి వెన్న తీసిన తరువాత, నీళ్లు కలపక ముందు ఉండే చిక్కటి మజ్జిగ దానికి చాలా దగ్గరిది. మీరు చెప్పిన చెంబెడు నీళ్ల మజ్జిగ పనికిరాదు. అల్లం, పచ్చిమిర్చి, ఉప్పు వేసి అమ్మే ప్యాకెట్ మజ్జిగ గురించి చెప్పనవసరమే లేదు.

ఎందుకు పనికిరాదో లెక్కతో చెబుతాను. వంటసోడా అంటే సోడియం బైకార్బొనేట్. అది మజ్జిగలోని లాక్టిక్ ఆమ్లంతో కలిసినప్పుడు సోడియం లాక్టేటు, నీరు, కార్బన్ డయాక్సైడ్ ఏర్పడతాయి. ఆ వాయువే స్కోనును పొంగిస్తుంది. 1 గ్రాము వంటసోడా పూర్తిగా పనిచేస్తే మన గది వేడిమిలో దాదాపు 290 మిల్లీలీటర్ల వాయువు వస్తుంది. అణుభారాలను బట్టి చూస్తే 84 భాగాల సోడాకు 90 భాగాల లాక్టిక్ ఆమ్లం కావాలి, అంటే ఇంచుమించు సమానం. కొద్దిగా పులిసిన పెరుగులో లాక్టిక్ ఆమ్లం నూటికి 0.8 నుంచి 1 వంతు ఉంటుందనుకుంటే, అలాంటి చిక్కటి మజ్జిగ 100 మిల్లీలీటర్లలో ఒక గ్రాముకు కాస్త తక్కువ ఆమ్లం ఉంటుంది. అది సరిగ్గా అంతే బరువు సోడాను, అంటే పావు చిన్న చెంచాకు కొంచెం తక్కువను, సరిపెట్టగలదు. అదే పెరుగుకు మూడింతలు నీళ్లు కలిపితే ఆమ్లం నాలుగో వంతుకు పడిపోతుంది, మిగిలిన సోడాకు జత దొరకదు. అలా మిగిలిన సోడా ఓవెన్ వేడికి సోడియం కార్బొనేటుగా, అంటే చాకలి సోడాగా మారుతుంది. సబ్బు రుచి, లోపల పసుపు రంగు, అక్కడక్కడ గోధుమరంగు మచ్చలు దీనివల్లనే వస్తాయి. ఇంకొంచెం పొంగాలని సోడా పెంచేవారికి చివరికి మిగిలేది ఆ సబ్బు రుచే.

కాబట్టి మూడు వంతుల పెరుగుకు ఒక వంతు పాలు కలిపి, ఉండలు లేకుండా చిలికి, ఆ మజ్జిగను వాడండి. పెరుగు మరీ తియ్యగా ఉంటే ముందురోజు కొన్ని గంటలు ఫ్రిజ్ బయట ఉంచండి. మన ఊరి వేడికి దానంతట అదే పులుస్తుంది, తరువాత మళ్లీ చల్లబరచుకోవాలి. పెరుగు లేని పక్షంలో 120 మిల్లీలీటర్ల పాలలో అర పెద్ద చెంచా నిమ్మరసం పిండి పది నిమిషాలు ఆగితే పని నడుస్తుంది, కానీ రుచిలో ఆ నిండుదనం ఉండదు.

సోడా ఒక్కదానితోనే నడిపితే ఒక చిక్కు ఉంది. అది తడి తగిలిన క్షణం నుంచే వాయువును వదలడం మొదలుపెడుతుంది. మీరు మడతలు వేసి, కోసి, ట్రేలో సర్దేలోగా కొంత పోతుంది. బేకింగ్ పౌడర్‌లో సోడాతో పాటు పొడిరూపంలో ఆమ్ల లవణం, తేమ తగలకుండా కొంత గంజిపిండి కలిపి ఉంటాయి. 1843లో ఇంగ్లండ్‌లో ఆల్ఫ్రెడ్ బర్డ్ అనే ఔషధ వ్యాపారి, ఈస్టు పడని తన భార్య కోసం దీనిని తయారుచేశాడు. ఇప్పుడు దొరికే రకాలలో చాలావరకు కొంత వాయువును తడికి, మిగిలినదాన్ని ఓవెన్ వేడికి వదులుతాయి. అందుచేత రెండూ కలిపి వాడడమే నా సలహా. గుడ్డు వేస్తే మజ్జిగ తక్కువ పడుతుంది కనుక సోడా కూడా తగ్గాలి: ఒక గుడ్డు, 90 నుంచి 100 మిల్లీలీటర్ల మజ్జిగ, పావు చిన్న చెంచాకు తక్కువగా సోడా, ఒకటిన్నర చిన్న చెంచాల బేకింగ్ పౌడర్. గుడ్డు లేకపోతే 140 నుంచి 150 మిల్లీలీటర్ల మజ్జిగ, నిండుగా పావు చిన్న చెంచా సోడా, బేకింగ్ పౌడర్ మాత్రం అంతే. సోడాను పిండితో కలిపి తప్పకుండా జల్లించాలి, ఉండలు మిగిలితే అవే మచ్చలవుతాయి.

డబ్బా ఎప్పటిదో గుర్తులేకపోతే, బేకింగ్ పౌడర్‌ను వేడినీళ్లలో, వంటసోడాను నిమ్మరసంలో కొంచెం వేసి చూడండి. చురుకుగా నురగ రాకపోతే పారేయండి. వానాకాలంలో మూత సరిగా పెట్టని బేకింగ్ పౌడర్ గడువు తేదీకి ముందే నీరసిస్తుంది.

జవాబు 3: చంద్రగిరి నుంచి కార్క్‌కు

అక్కా, నమస్కారం. నేను చంద్రగిరి మనిషిని, ఉద్యోగరీత్యా ఐర్లండ్‌లోని కార్క్‌లో ఉంటున్నాను. పై ఇద్దరు పెద్దలూ చెప్పినదానికి సాంకేతికంగా కలపవలసినది లేదు. మీ చెల్లెలి కుమార్తె నాలుకకు ఏది గుర్తుంటుందో, ఆ ఒక్క విషయమే చెబుతాను.

సోడా ఐర్లండ్‌లో 1830, 1840 దశకాలలో వాడుకలోకి వచ్చింది. ప్రతి పాడి ఇంట్లోనూ వెన్న తీయగా మిగిలే మజ్జిగ ఉండేది, పొయ్యిలో పీట్ (చిత్తడి నేలల్లో తవ్వి ఆరబెట్టి కాల్చే మట్టి) గడ్డల నిప్పు ఉండేది, ఓవెన్ మాత్రం చాలా ఇళ్లలో ఉండేది కాదు. బాస్టిబుల్ అనే మూతగల పోత ఇనుప కుండను నిప్పు మీద వేలాడదీసి, మూత మీద కూడా నిప్పులు పరిచి రొట్టె కాల్చేవారు. స్కోను పుట్టినిల్లు స్కాట్లండ్ అంటారు, అయినా ఐర్లండ్ ఇళ్లలో అది సోడా రొట్టెకు చెల్లెలిలా స్థిరపడింది. అందువల్లనే ఇక్కడి ఇంటి స్కోను పెద్దగా తీపి ఉండదు. పెద్దాయన గారు చెప్పిన 30 గ్రాముల చక్కెర సరిగ్గా ఉంది, దయచేసి పెంచకండి. తీపి జామ్ నుంచి రావాలి.

ఇక్కడ ముఖ్యంగా చూసేది వెన్న. పచ్చిక మేసే ఆవుల పాల వెన్న పసుపుగా, ఉప్పగా ఉంటుంది. వెచ్చటి స్కోనును చేత్తోనే రెండుగా విరిచి, ఆ వెన్నను దండిగా పూసి, దానిపైన రాస్ప్‌బెర్రీ జామో, స్ట్రాబెర్రీ జామో వేసుకుంటారు. కొందరు గిలకొట్టిన మీగడ కూడా పెట్టుకుంటారు. గడ్డకట్టిన చిక్కటి మీగడ వాడకం, స్కోను మీద ముందు జామా, ముందు మీగడా అన్న తగాదా ఇంగ్లండ్‌లోని డెవాన్, కార్న్‌వాల్ వారిది. మీరు దానిలో తలదూర్చనవసరం లేదు. పాలు పోసిన ఘాటైన టీ తప్పనిసరి, అది మన ఇళ్లలో ఎలాగూ ఉంటుంది.

జామ్ కోసం బెర్రీల వెంట పడకండి. తోతాపురి మామిడి గుజ్జు తీసే ఫ్యాక్టరీలకు పేరుపడ్డది మన ఉమ్మడి చిత్తూరు జిల్లా. జూన్, జూలైలలో వచ్చే ఆ కాయకు కొంత పులుపు ఉంటుంది, తినడానికి మనవారు బేనిషాను ఇష్టపడతారు కానీ, ఉప్పు వెన్న మీద వేసుకునే జామ్‌కు పులుపున్న తోతాపురియే బాగుంటుంది. గుజ్జును వడగట్టి, చక్కెర కాస్త తగ్గించి, చివర నిమ్మరసం పిండి, గరిటె మీద నిలిచేదాకా ఉడికించండి. ఆ అమ్మాయి ఐర్లండ్‌లో తినని స్కోను అవుతుంది, అయినా తప్పకుండా మెచ్చుకుంటుంది.

యాలకుల పొడి వేయవచ్చా అని ఎవరైనా అడగకముందే చెబుతున్నాను: వేయవద్దు. వేస్తే బాగుండదని కాదు, మజ్జిగ, వెన్నల రుచి దాని కింద పూర్తిగా మాయమవుతుంది.

జవాబు 4: సాత్విక వంటిల్లు, తిరుపతి

అక్కగారికి నమస్కారం. మా ఇంట్లో గుడ్డు వాడము కాబట్టి ఆ భాగం నేను చెబుతాను. చంద్రగిరి అన్నగారి యాలకుల తీర్పును నేను అంగీకరించడం లేదు. మా ఇంట్లో చిటికెడు వేస్తాము, పిల్లలు ఇష్టంగానే తింటారు. అయితే అది వేరే సంగతి.

గుడ్డు స్కోనులో చేసే పనులు మూడు: కొంత తడి, కొంత కొవ్వు, కొంత రంగు. పొంగు దానివల్ల రాదు కనుక, కేకులో మాదిరిగా దాని లోటు పెద్దగా తెలియదు. మాస్టారు గారు చెప్పిన 140 నుంచి 150 మిల్లీలీటర్ల మజ్జిగలో రెండు పెద్ద చెంచాల మేర పాలమీగడ కలిసి ఉండేటట్లు చూసుకుంటే కొవ్వు లోటు తీరుతుంది. ఆ మజ్జిగ మొత్తం ఒకేసారి పోయకుండా రెండు చెంచాలు వెనక ఉంచుకోండి. మైదా సంచిని బట్టి, గాలిలోని తేమను బట్టి పిండి తాగే తడి మారుతుంది. రంగు కోసం పైన మీగడ కలిపిన పాలు రాసి, కొంచెం పలుకు చక్కెర చల్లండి. గుడ్డు సొన ఇచ్చే ఎర్రటి మెరుపు రాదు కానీ బంగారు రంగు వస్తుంది. చక్కెర బదులు బెల్లం వేస్తారా అని నన్ను చాలామంది అడుగుతారు. మన చిత్తూరు బెల్లం మంచిదే అయినా, దానిలోని తేమ వల్ల పిండి త్వరగా తడిసి ముద్దవుతుంది, లోపలి రంగు కూడా మారుతుంది. పొడి బెల్లం దొరికితే సగానికి సగం కలపవచ్చు.

మీ పక్కింటి పెద్దావిడకు పెనం చాలునని చెప్పండి. ఐర్లండ్ ఉత్తర భాగంలో సోడా రొట్టెను నేటికీ పెనం మీద కాలుస్తారు. గుండ్రంగా తట్టి, నాలుగు ముక్కలుగా కోసి, రెండువైపులా కాల్చే ఆ పద్ధతిలోనే ఈ ముద్దనూ కాల్చవచ్చు. మందం మాత్రం ఒకటిన్నర సెంటీమీటర్లకు మించకూడదు, లేకపోతే పైన మాడి లోపల పచ్చిగా ఉంటుంది. అడుగు మందంగా ఉన్న ఇనుప పెనాన్ని సన్నటి సెగ మీద వేడిచేసి, నూనె రాయకుండా చిటికెడు మైదా చల్లి చూడండి. పిండి నెమ్మదిగా లేత బంగారు రంగుకు తిరిగితే సెగ సరిపోయినట్లు, వెంటనే నల్లబడితే ఎక్కువైనట్లు. ఒక్కో వైపు ఆరు నుంచి ఎనిమిది నిమిషాలు, మధ్యలో కొంచెంసేపు మూత పెట్టి కాల్చి, చివర అంచులను కూడా పెనానికి ఆనించాలి.

ప్రెషర్ కుక్కర్‌లో ఉప్పు పోసి, విజిల్ తీసి, ఓవెన్‌లా వాడే పద్ధతి చాలామంది చెబుతారు. నీళ్లు లేకుండా అంతసేపు వేడెక్కితే కుక్కర్ అడుగు పాడవుతుంది, పైభాగం ఎలాగూ రంగు తిరగదు. అంతగా కావాలనుకుంటే పాత మందపాటి గిన్నెలో స్టాండు పెట్టి, పది నిమిషాలు ముందు వేడిచేసి, బరువైన మూతతో 25 నుంచి 30 నిమిషాలు ఉంచి, చివర పైభాగాన్ని పెనం మీద తిరగేయాలి. నా ఓటు పెనానికే.

ప్రశ్నించినవారు: భవానీనగర్ గృహిణి

అందరికీ కృతజ్ఞతలు. మజ్జిగ లెక్క చదివిన తరువాత, గుడ్డు ఉన్నప్పుడు సోడా ఎందుకు తగ్గాలో మొదటిసారి అర్థమైంది. నేను గుడ్డు లేకుండానే, మాస్టారు గారి రెండవ కొలతతో చేస్తాను. పెనం పద్ధతిని పక్కింటి పెద్దావిడకు చదివి వినిపించాను. రాగి పిండి కొంచెం కలపవచ్చా అని అడిగారు. నాకు మిగిలిన సందేహం ఒక్కటే. అమ్మాయి తెల్లవారుజామున రైలు దిగుతుంది, ఆ వేళకు నేను పిండి రుద్దుతూ కూర్చోలేను. ముందురోజు చేసి పెట్టుకోవచ్చా?

జవాబు 5: బేకరీ పెద్దాయన, చిత్తూరు

కాల్చినవి ముందురోజువి వద్దమ్మా. స్కోను కాల్చిన పూటే బాగుంటుంది, మరునాటికి పొడిబారుతుంది; మిగిలితే అడ్డంగా కోసి పెనం మీద వెన్నతో కాల్చుకోవాలి తప్ప వేరే దారి లేదు. కలిపిన ముద్దను రాత్రంతా ఫ్రిజ్‌లో ఉంచడం కూడా మంచిది కాదు, మాస్టారు గారు చెప్పినట్లు సోడా అప్పటికే పని ముగించేస్తుంది.

మీకు రెండు దారులున్నాయి. మొదటిది, వెన్న రుద్దిన పొడి పిండిని, బేకింగ్ పౌడర్, సోడా, చక్కెరలతో సహా, మూతగల డబ్బాలో ఫ్రిజ్‌లో పెట్టుకోవడం. తడి తగలలేదు కాబట్టి ఏమీ కాదు. పొద్దున మజ్జిగ పోసి, తట్టి, కోసి ఓవెన్‌లో పెట్టడానికి పది నిమిషాలు చాలు, ఆలోగా ఓటీజీ వేడెక్కుతుంది. రెండవది, బేకింగ్ పౌడర్ మాత్రమే వాడి, పాలతో కలిపి, కోసిన ముక్కలను వెంటనే ఫ్రీజర్‌లో గడ్డకట్టించడం. చలికి వాయువు వదలడం చాలావరకు ఆగిపోతుంది. పొద్దున కరగనివ్వకుండా అలాగే వేడి ఓవెన్‌లో పెట్టి మూడు నాలుగు నిమిషాలు ఎక్కువ కాల్చాలి. కరెంటు పోయి ఫ్రీజర్ మెత్తబడిందంటే మాత్రం అవి పొంగవు. మీరు మజ్జిగతో చేయాలనుకుంటున్నారు కనుక మొదటి దారే పట్టండి.

రాగి పిండి సంగతి: దానిలో జిగురు అసలే లేదు, అందువల్ల కొంచెం కలిపితే స్కోను గుల్లగానే వస్తుంది, ఎక్కువైతే విరిగి పొడి అవుతుంది. 250 గ్రాములలో 40 గ్రాముల వరకు కలపమనండి, అప్పుడు కార్న్‌ఫ్లోర్ వేయనక్కరలేదు. రాగి పిండి తడిని నెమ్మదిగా పీల్చుకుంటుంది కాబట్టి మజ్జిగ ఒక చెంచా ఎక్కువ పోసి, పెనం మీద సెగ ఇంకొంచెం తగ్గించుకోవాలి.